సగం జీతపు ఏడాది

గౌడవెల్లి,
3 ఆగస్టు 1997

చిరంజీవి రాధమ్మకు మీ మామ మొగులయ్య రాస్తున్న ఉత్తరం.

ఇక్కడ అందరం బాగున్నాము. నువ్వు కూడా బాగుండాలి. మీ అత్తమ్మ రాయమంటే రాస్తున్నాను. ఆమె పక్కనే కూర్చుని చిక్కుడుకాయ ఒలుస్తూ చెబుతున్నది.

నీ బిడ్డ రక్షిత అన్నం తింటున్నది. బడికి పోతున్నది. మొదట్లో నీ చీర ఒకటి పక్కలో వేసుకుని పడుకున్నది. ఇప్పుడు అవసరం లేదంటున్నది గాని చీర తియ్యనివ్వడం లేదు.

వాన ఒక్కసారి పడ్డది. ద్రాక్ష తోటకు మందు కొట్టించాను.

హనుమకొండలో భోజనం ఎట్లున్నదో, హాస్టల్ గదికి గొళ్లెం ఉన్నదో లేదో మీ అత్తమ్మ అడుగుతున్నది.

ఇంకేమి రాయాలో తెలియలేదు. "గంతేనా? కానిగి బడిల పంతులు దగ్గర సదివిన అని ఊరంత జెప్పుకుంటవు, ఇంకో నాలుగు ముక్కలు రాయి" అంటున్నది మీ అత్తమ్మ. కాగితంలో చోటు ఉన్నది. మాటే లేదు.

ఇట్లు
మొగులయ్య


హనుమకొండ,
12 ఆగస్టు 1997

మామయ్యకు రాధమ్మ నమస్కరించి రాస్తున్నది.

మీ ఉత్తరం అందింది. పెళ్లయి వచ్చినప్పటి నుంచి ఒకే ఇంట్లో ఉంటున్నా మీ చేతిరాత చూడడం నాకు ఇదే మొదలు. అక్షరాలు ద్రాక్ష పందిరి కింద కర్రలు పాతినట్టు నిటారుగా ఉన్నాయి. మా నాలుగో తరగతి పిల్లలకు చూపించాలనిపించింది.

గదికి గొళ్లెం ఉందని అత్తమ్మకు చెప్పండి. భోజనంలో కారం తక్కువ. అత్తమ్మ కట్టిచ్చిన పచ్చడి నేనూ నా పక్క మంచం పిల్ల నజ్‌నీన్ తినేస్తున్నాం. ఆ పిల్లకు ఇరవై రెండేళ్లు, నన్ను మేడం అంటుంది. తరగతిలో అందరికన్నా పెద్దదాన్ని నేనే. మొదటి రోజు లెక్చరర్ నన్ను చూసి, "అమ్మా, పిల్లను దింపిపోవడానికి వచ్చారా? ఆఫీసు అటు" అన్నాడు. నేను వెళ్లి ముందు బెంచీలో కూర్చున్నాను. పాపం, ఆ గంటంతా ఆయన నా వైపు చూడలేదు.

అత్తమ్మకు నా సెలవు సంగతి సరిగా చెప్పకుండానే వచ్చాను. మీరు చెప్పండి. చదువు కోసం ఇచ్చే ఈ సెలవును స్టడీ లీవు అంటారు. ఈ ఏడాది నాకు సగం జీతమే. మంజూరు కాగితం పైనుంచి రాలేదు కనుక ఆ సగం కూడా కొంచెం ఆలస్యంగా వస్తుంది. బి.ఎడ్. పూర్తి చేస్తే హైస్కూలు పిల్లలకు పాఠం చెప్పే పోస్టుకు నా పేరు కూడా చూస్తారు. ఈ ఒక్క ఏడు ఇంట్లో చేతులు బిగించి నడపాలి.

ఇంకొక మాట. మొగుడు పోయిన కోడలిని హాస్టల్‌కు పంపుతున్నాడని ఊళ్లో కొందరు అన్నారు, నాకు తెలుసు. మీరు ఎవరికీ జవాబు చెప్పలేదు. నా పెట్టె సైకిలు మీద పెట్టుకుని మేడ్చల్ బస్టాండు దాకా నడిపించుకుంటూ వచ్చారు. మీరు ముందు, నేను వెనుక. దారి పొడుగునా ఒక్క మాట లేదు. ఆ నడక ఉన్నంతకాలం నాకు ధైర్యానికి కొరత లేదు.

రక్షితకు ముద్దులు. చీర అట్లాగే ఉండనీయండి.

మీ కోడలు
రాధమ్మ


గౌడవెల్లి,
14 సెప్టెంబర్ 1997

చిరంజీవి రాధమ్మకు మామ రాస్తున్నది.

మేము కులాసా. రక్షితకు జ్వరం వచ్చి తగ్గింది. మీ అత్తమ్మకు మోకాలు నొప్పి. నీళ్లు నేనే తెస్తున్నాను. ఇవి మనసులో పెట్టుకోకు.

నా దోస్తు షఫీయుద్దీన్ వచ్చి కూర్చుండి పోయిండు. ఫ్యాక్టరీ పని అయిపోయి ఇప్పుడు గాజులరామారంలో కొడుకు దగ్గర ఉంటున్నాడు. నిన్ను అడిగినట్టు చెప్పమన్నాడు.

నీ సెలవు తగ్గించుకునే దారి ఏమైనా ఉన్నదా? ముందే వచ్చి బడిలో చేరితే ఏమవుతుంది? కనుక్కొని రాయి. తొందర లేదు.

తొందర లేదని రాశాను గాని తొందరగానే రాయి.

మొగులయ్య


హనుమకొండ,
22 సెప్టెంబర్ 1997

మామయ్యకు రాధమ్మ దండాలు.

ఉత్తరం చదివినప్పటి నుంచి మనసు అక్కడే ఉన్నది. అత్తమ్మ మోకాలు ఎట్లున్నది? రక్షితకు మళ్లీ జ్వరం వచ్చిందా? మీరు బిందెలు మోస్తున్నారా? ఇంట్లో కష్టంగా ఉందని మీరు రాయలేదు గాని, రాయకున్నా కనబడుతున్నది.

సెలవు తగ్గించుకోవచ్చు. దరఖాస్తు పెట్టి తిరిగి చేరవచ్చు. అయితే ఈ చదువు ఇక్కడే ఆగిపోతుంది. రెండోసారి ఇట్లాంటి సెలవు అడిగితే ఇస్తారన్న నమ్మకం లేదు.

దసరాకు వస్తాను. అప్పుడు ఎదురుగా మాట్లాడుకుందాం.

ఈ మాట రాశాక నాకే నవ్వు వచ్చింది. మనం ఎదురుగా మాట్లాడుకున్నది ఎప్పుడు? మామ ముందు కోడలు నోరు విప్పొద్దని మా అమ్మ చెప్పి పంపింది, కోడలి ముఖం చూసి మాట్లాడొద్దని మీ అమ్మ మీకు చెప్పి ఉంటుంది. "మామకు నీళ్లు తోడిన్నని చెప్పు" అని నేను. "ఆమెను పైలంగ పొమ్మను" అని మీరు. ఇద్దరం అక్కడే ఉంటాం. నడుమ అత్తమ్మ, "నేనేమన్న పోస్టు డబ్బానా మీ ఇద్దరికి?" అంటుంది.

ఈసారి కూడా అత్తమ్మతోనే చెప్పించండి. కాని చెప్పించండి.

రాధమ్మ


హనుమకొండ,
16 అక్టోబర్ 1997

మామయ్యకు నమస్కారాలు.

పండుగ నుంచి క్షేమంగా చేరాను. రక్షిత బస్సు దాకా ఏడవలేదు, నేనే ఏడ్చాను.

అత్తమ్మ మీ మాట చెప్పింది. బతుకమ్మకు తంగేడు పూలు పేరుస్తుంటే వచ్చి, "సెలవు సాలు, ఇగ వస్తవా అని అడుగుతున్నడు మీ మామ" అన్నది. మీ నోట వినాలని తోట దాకా వచ్చాను. ద్రాక్ష కొమ్మలకు అక్టోబర్ కటింగు నడుస్తున్నది. మీరు పందిరి కింద కత్తెర పట్టుకుని ఉన్నారు. నన్ను చూసి పక్క వరుసలోకి వెళ్లిపోయారు. నేను కాసేపు బయట నిలబడి తిరిగి వచ్చాను.

నాకు అర్థమైంది మామయ్యా. మిగిలిన సెలవు రద్దు చేసి తిరిగి చేర్చుకోమని దరఖాస్తు రాసి మా బడి పెద్ద మేడం జహేదా గారికి పోస్టులో పంపాను. ఆమె మండలాఫీసుకు పంపాలి. అక్కడ అయిపోతే నెలాఖరుకు వచ్చేస్తాను. అత్తమ్మను బిందె ముట్టుకోవద్దనండి.

మీ మీద నాకు కోపం లేదు. మీరు ఒప్పుకుని పంపిన ఈ మూడు నెలలే నేను అడగకుండా దొరికినవి. దానికి దండం పెడుతున్నాను.

పుస్తకాలు నజ్‌నీన్‌కు ఇచ్చేస్తున్నాను.

రాధమ్మ


గౌడవెల్లి,
21 అక్టోబర్ 1997

బిడ్డా రాధమ్మా,

నువ్వు రావద్దు.

ఇది మీ అత్తమ్మ చెప్పి రాయించిన ఉత్తరం కాదు. ఆమె మేడ్చల్ అంగడికి పోయింది. నేనే రాస్తున్నాను. ఇంత పొడుగు ఎప్పుడూ రాయలేదు, తప్పులుంటే టీచరువు, దిద్దుకో.

నీళ్లు మోయడం నాకు కష్టం కాదు. మీ అత్తమ్మ మోకాలుకు తైలం రాస్తే తగ్గింది. బిడ్డ మంచిగున్నది. నిన్ను రమ్మన్నది వీటికి కాదు. అసలు నేను రమ్మనలేదు.

షఫీయుద్దీన్ వచ్చినప్పుడు నీ సెలవు సంగతి చెప్పాను. అతను అన్నాడు, "అరే మొగులయ్యా, సెలవంటె సెలవే. నడుమల తెగితె ముందటి సర్వీసంత పాయె. నాది గట్లనే పాయె. పక్షవాతమొచ్చి అమ్మ మంచంల వడితె ఎనిమిది నెలలు ఇంట్ల ఉన్న. మల్ల పోతె కంపెనీల కొత్తగ చేరినట్టు రాసుకున్నరు. ఆఖరుకు చేతికొచ్చింది సగం గూడ గాదు."

ఆ రోజు నుంచి నాకు అన్నం సయించలేదు. ఏడాది సెలవు పెట్టి నువ్వు పోతివి. నీ సర్వీసు తెగితే నీ పించను ఏమి కావాలి? మేము ఎన్నాళ్లుంటాము? నా కొడుకు సుధాకర్ లేడు. బిడ్డ పెండ్లి చేసుకుని పోతుంది. అప్పుడు నీకు ఆ పించనే కదా ఇంత అన్నం పెట్టేది. నీ చదువు కోసమని నేనే నీ పెట్టె సైకిలు మీద పెట్టి పంపి, దాన్ని తెంపినట్టాయె.

నిన్ను సూటిగా అడగాల్సింది. కాని కోడలి జీతం ఎంత, పించను ఎంత అని మామ అడిగితే బాగుంటదా? నువ్వు ఏమనుకుంటావో అని భయమైంది. సుధాకర్ పోయినాక ఈ ఇల్లు నీ జీతం మీద నిలబడ్డది. తోట ఒక ఏడు ఇస్తే ఇంకో ఏడు తీసుకుంటది. నీ జీతం ఎంతని నేను ఇప్పటిదాకా అడగలేదు. తింటున్న అన్నానికి ధర అడిగినట్టు అయితదని అడగలేదు. అందుకని తిప్పి తిప్పి రాసినాను. మీ అత్తమ్మకు "సెలవుతోని ముందుముందు ఏమన్న నష్టమున్నదా కనుక్కో" అని చెప్పినాను. ఆమె పూల గడబిడలో దాన్ని కురుచ చేసి నీకు అప్పజెప్పింది.

తోటలో పక్క వరుసలోకి పోయింది కోపంతో కాదు. అడగాల్సిన మాట నోటి దాకా వచ్చింది. నువ్వు ఎదురుగా కనబడేసరికి పోయింది. దాని వెనుక నేను పోయిన.

నీ ఉత్తరం నిన్న పొద్దున అందింది. చదివి ధోతి మార్చుకుని బస్సెక్కి షామీర్‌పేట పోయి, అక్కడి నుంచి మీ బడికి నడిచిన. జహేదా మేడం గది ముందు నిలబడ్డాను. లోపలికి పోవడానికి కాలు రాలేదు. ఆమె చూసింది.

"లోపటికి రాండ్రి పెద్దాయనా. గడప అవుతల నిలవడితె మాట ఇనవడ్తలేదు."

రాధమ్మ మామనని చెప్పాను. ఆమె సొరుగు తీసి నీ దరఖాస్తు బయటపెట్టింది.

"మీరే రమ్మన్నరట గద?"

"నేను రమ్మనలే. పించను తెగుతదేమోనని..."

"గా మాట ఆమెనే అడగొచ్చు గద. ఉత్తగ పరేషాన్ జేసిండ్రు పిల్లను."

"మేము మాట్లాడుకోము మేడం."

"ఎందుకు? కొట్లాటనా?"

"కాదు. మామ, కోడలు."

ఆమె నవ్వుతుందనుకున్నాను, నవ్వలేదు. "మా అమ్మి గూడ మా దాదాతోని, అంటె ఆమె మామతోని, గట్లనే ఉండె" అని చాయ్ తెప్పించింది. నేను కూర్చోనంటే, కూర్చుంటేనే చెప్తానన్నది. కుర్చీ కొసకు కూర్చున్నాను.

అప్పుడు చెప్పింది. "చదువుకని సర్కారు మంజూరు జేసిన సెలవు ఇది. సర్వీసు తెగదు. ఈ ఏడు సగం జీతం, గంతే. పించనుకు ఈ ఏడు గూడ లెక్కకొస్తది. ఇంక్రిమెంటు గూడ పోదు. తిరిగొచ్చి నౌకరీ ఇడ్సిపెట్టకుండ కొన్నేండ్లు చేస్తనని బాండు రాసిచ్చింది. గది నిలవెట్టుకుంటె సాలు."

"షఫీయుద్దీన్‌ది పోయింది కదా మేడం?"

"గది కంపెనీ. ఇది సర్కారు బడి."

నేను మళ్లీ ఒకసారి చెప్పమన్నాను. చెప్పింది. ఇంకోసారి అడిగితే, "కాయితం మీద రాసియ్యాల్నా?" అన్నది. వద్దన్నాను. ఇట్లాంటి మాట మరచిపోయేది కాదు.

నీ దరఖాస్తు ఇంకా మండలాఫీసుకు పోలేదు. దసరా సెలవుల తరువాతి టపా ఈ సోమవారం పోతుందట. ఆపమని చేతులు జోడించాను. "మీరు జెప్తె నేను ఆపరాదు. ఆమె కాయితం, ఆమెనే వద్దనాలె. సోమవారం పొద్దుగాల వరకు ఆమె మాట నాకు అందాలె" అన్నది.

అందుకని రాస్తున్నాను. ఉత్తరం పెడితే అందదేమో, టెలిగ్రాం ఆఫీసుకు పోయి తార్ ఇవ్వు. పుస్తకాలు ఆ పిల్ల దగ్గర నుంచి తెచ్చుకో.

బస్సులో వస్తూ అనుకున్నాను. మన తోటకు ఎండాకాలం కటింగు చేస్తాము. దానికి కాయ రాదు. అయినా ఆ నెలలు తోట వయసులోనుంచి తీసెయ్యము. అంత చిన్న సంగతి నాకు ముందే తట్టి ఉంటే నువ్వు ఏడ్చేదానివి కాదు.

ఇన్నేండ్లు మాకు అన్నం పెట్టినందుకు నీకు ఒక మంచి మాట చెప్పాలని ఉండె. మీ అత్తమ్మతో చెప్పించే మాట కాదని ఊరుకున్నాను. ఇప్పుడు చెప్తున్నాను. నీ పుణ్యాన మేము ఎవరి గడపా ఎక్కలేదు.

మీ మామ
మొగులయ్య


హనుమకొండ,
26 అక్టోబర్ 1997

మామయ్యా,

తార్ శుక్రవారమే ఇచ్చాను. శనివారం జహేదా మేడం బడికి ఫోన్ చేయమని ఇక్కడి ఆఫీసుకు కబురు పెట్టింది. చేశాను. "అందింది. నీ దరఖాస్తు నా సొరుగులనే ఉన్నది, వచ్చినంక నీ చేతులతోనే చింపుకో" అన్నది. తరువాత, "మీ మామ చాయ్ చల్లారినంక తాగిండు. కుర్చీల మంచిగ కూసోవెట్టనీకె నా పాణం పోయింది" అని నవ్వింది.

కాబట్టి నేను ఇక్కడే ఉంటున్నాను. మే దాకా.

మీ ఉత్తరం చదువుతుంటే నజ్‌నీన్ చూసి, "ఎవరు రాశారు మేడం, మీ నాన్నా?" అన్నది. అవునన్నాను. మళ్లీ సరిదిద్దలేదు.

పించను సంగతి నాకు తెలుసు కనుక మీకు కూడా తెలిసే ఉంటుందనుకున్నాను. సగం జీతమని రాసి, మిగతాది రాయలేదు. మీరు దాని కింద ఇన్ని రోజులు నలిగారు. నేనేమో మీకు బరువయ్యానని నలిగాను. ఇద్దరం ఒకరి అన్నం గురించి ఒకరం ఆలోచిస్తూ ఉపవాసం చేశాం.

నా జీతం గురించి మీరు అడగొద్దని ఎవరన్నారు? పెళ్లయ్యాక టీచర్ ట్రైనింగ్ పరీక్షకు నన్ను మేడ్చల్ దాకా బండి కట్టి తీసుకెళ్లింది ఎవరు? నేను లోపల రాస్తుంటే ఎండలో ఎడ్ల పక్కన నిలబడింది ఎవరు? బయటికి వచ్చాక "ఎట్ల రాసిందో అడుగు" అని సుధాకర్‌తో అడిగించారు. బాగా రాశానని ఆయనతోనే చెప్పించాను. నా నౌకరీ మీ ఇంటి నుంచే బయలుదేరింది. దాని జీతమెంతో, పించనెంతో మీరే నాకు గుర్తు చేస్తుండాలి.

ఇకనుంచి అడగాల్సింది సూటిగా రాయండి. నేనూ సూటిగానే రాస్తాను. అత్తమ్మకు మాత్రం చెప్పకండి, పోస్టు డబ్బా పని పోయిందని బాధపడుతుంది.

మీ కోడలు
రాధమ్మ


గౌడవెల్లి,
8 మార్చి 1998

బిడ్డా రాధమ్మా,

ద్రాక్ష వచ్చింది. ఈసారి తీపి మస్తున్నది. షఫీయుద్దీన్ కొడుకు అదీబ్ వరంగల్ దిక్కు లారీ తోలుకొస్తున్నాడు, ఒక బుట్ట పంపుతున్నాను. గడ్డి నడుమ పెట్టినాను. నజ్‌నీన్‌కు కూడా ఇవ్వు. ముందు బెంచీలో కూర్చున్నావని నీ దిక్కు చూడని సారుకు కూడా రెండు గుత్తులు ఇవ్వు.

నీ సర్వీసు తెగదని షఫీయుద్దీన్‌కు చెప్పాను. "అల్లా మంచిగ జూసిండు" అన్నాడు. తరువాత రాలిన ఆకు ఒకటి తీసి తుంచుతూ కూర్చున్నాడు. తనది పోయిన సంగతి గుర్తొచ్చినట్టున్నది. ఇద్దరం తోటలో కూర్చున్నాము. పోయేటప్పుడు సంచి నిండా కాయ కోసి ఇచ్చినాను.

సగం జీతంతో ఇల్లు నడుస్తున్నది. సూటిగా రాయమన్నావు కదా, అందుకని సూటిగా రాస్తున్నాను. ఇబ్బంది లేదు. ఉంటే చెప్తాను.

ఆమెతో చెప్పించుకోకుండా నీకు నేనొక్కడినే రాస్తున్నానని మీ అత్తమ్మకు తెలిసిపోయింది. "ఇగ నాతోని మీకు పనేమున్నది" అని ఒక పూట మాట్లాడలేదు. రక్షిత చేతికి చెంబు ఇచ్చి, "మీ తాతకు నీళ్లు గావాల్నేమో అడుగు" అన్నది. నాకు నవ్వొచ్చింది. నీకు రాయాలనిపించింది.

పరీక్షలు మంచిగ రాయి.

మీ మామ
మొగులయ్య


హనుమకొండ,
10 మే 1998

మామయ్యకు నమస్కారాలు.

పరీక్షలు అయిపోయాయి. బాగా రాశాను. ఎట్ల రాసిందో అడుగు అని ఈసారి ఎవరితోనూ అనకుండా మీకే చెబుతున్నాను.

ఈ ఆదివారం, పదిహేడో తారీఖున సాయంత్రం మేడ్చల్ బస్టాండులో దిగుతాను. బడి తెరిచే రోజు తిరిగి చేరుతాను. అప్పటి నుంచి పూర్తి జీతం. ఈ ఏడాదిని చదువు సెలవుగా సర్వీసు పుస్తకంలో ఎక్కిస్తామని జహేదా మేడం చెప్పింది. ఎక్కించాక మీకు చూపిస్తాను.

ద్రాక్ష సారుకు ఇచ్చాను. ఇప్పుడు నా దిక్కు చూస్తున్నాడు.

ఒకటే దిగులు. ఇంటికొచ్చాక మనకు ఉత్తరాలు ఉండవు. మళ్లీ మీరు అటు, నేను ఇటు, నడుమ అత్తమ్మ. ఇన్ని నెలలు మాట్లాడుకున్న వాళ్లం, మళ్లీ మూగవాళ్లం అవుతామేమో.

రాధమ్మ


గౌడవెల్లి,
13 మే 1998

బిడ్డా రాధమ్మా,

నీ ఉత్తరం చేరింది. సంతోషం.

ఆదివారం బస్టాండుకు వస్తాను. సైకిలుకు గాలి కొట్టించినాను. పెట్టె దాని మీద పెట్టుకుని నడుద్దాము. ఎండ తగ్గినాక తొందరేమీ లేదు.

పోయినసారి నేను ముందు నడిచిన. ఈసారి సైకిలు ఒక పక్క నేను పట్టుకుంటా, ఇంకో పక్క నువ్వు పట్టుకో.

మీ అత్తమ్మ కూడా వస్తానన్నది. ఇంట్లోనే ఉండమని చెప్పిన.

మీ మామ
మొగులయ్య